ట్విస్ట్ జడలు: కొసలకు కాపు, కుదుళ్లకు బరువు

ఆఫ్రికా సంతతివారి బిగువైన రింగుల జుట్టు చూడటానికి దట్టంగా, మొండిగా కనిపిస్తుంది. నిజానికి మనుషుల జుట్టు రకాలన్నిటిలోనూ సులువుగా తెగేది అదే. కారణం వెంట్రుక ఆకారంలోనే ఉంది. వెంట్రుకను అడ్డంగా కోసి సూక్ష్మదర్శిని కింద చూస్తే, తూర్పు ఆసియావారిది ఇంచుమించు గుండ్రంగా ఉంటుంది. ఆఫ్రికా సంతతివారిది నొక్కినట్టు కోలగా ఉంటుంది. పైగా చర్మం లోపల వెంట్రుక పుట్టే కుదురే వంపు తిరిగి ఉంటుంది కాబట్టి, బయటికి వచ్చే వెంట్రుక మెలికలు తిరుగుతూనే పెరుగుతుంది. లాగుడు పడేది ఆ మెలికల దగ్గరే. దువ్వెన తగిలినప్పుడు పుటుక్కున తెగేదీ అక్కడే.

దీనికి తోడు పొడితనం. తలమాడులోని గ్రంథుల నుంచి ఊరే నూనె తిన్నటి వెంట్రుక మీదైతే కొస దాకా జారిపోతుంది. రింగుల జుట్టులో ప్రతి వంపు దగ్గరా ఆగిపోతుంది. అందుకే మాడు జిడ్డుగా ఉన్నా కొసలు ఎండు గడ్డిలా ఉండటం ఈ జుట్టులో మామూలు. తడిసి ఆరినప్పుడు ముడుచుకోవడం మరో గుణం. బాగా బిగువైన రింగులున్నవారి జుట్టు సాగదీస్తే వచ్చే పొడవులో నాలుగో వంతుకు కూడా కుదించుకుపోవచ్చు. ముడుచుకున్నప్పుడు పక్కపక్క రింగులు ఒకదానిలో ఒకటి దూరి చిక్కు పడతాయి. ఆ చిక్కు తీసిన ప్రతిసారీ కొన్ని వెంట్రుకలు తెగుతాయి. జుట్టు పెరగడం లేదని చాలామంది వాపోతారు గానీ, కుదుళ్ల దగ్గర పెరుగుతూనే ఉంటుంది. పెరిగినంతా కొసల దగ్గర తెగిపోతుంటుంది, అంతే.

ఈ తెగుడును ఆపడానికి పుట్టినవే కాపుదల జడలు. కొసలను లోపలికి దాచి, రోజూ దువ్వే పని లేకుండా కొన్ని వారాలు జుట్టును కదలనివ్వకుండా ఉంచడం వాటి సూత్రం. వాటిలో ట్విస్ట్‌లది ప్రత్యేక స్థానం. మామూలు జడకు మూడు పాయలు కావాలి. ట్విస్ట్‌కు రెండే చాలు. తాడు పేనినట్టు ఒకదాని మీద ఒకటి మెలివేస్తూ కొస దాకా పోతారు. మూడు పాయల జడతో పోలిస్తే అల్లడం త్వరగా అవుతుంది, బిగువు తక్కువగా ఉంటుంది, విప్పడమూ తేలిక. సొంత జుట్టుతో వేసుకున్న ట్విస్ట్‌లు విప్పాక వచ్చే అలలనే ట్విస్ట్ అవుట్ అంటారు. దానికోసమే ట్విస్ట్‌లు వేసుకునేవారు కూడా ఎక్కువే.

జడలు, మెలికలు ఆఫ్రికాలో నిన్నటి ఫ్యాషన్ కావు. ఫొటోగ్రాఫర్ జె.డి. ఓఖాయ్ ఓజెయికెరె 1968 నుంచి దశాబ్దాలపాటు నైజీరియా స్త్రీల తలకట్లను వెనక నుంచి, పక్క నుంచి నలుపు తెలుపుల్లో చిత్రించాడు. ఎంత రకరకాలుగా పాయలు తీసి కట్టేవారో ఆ ఫొటోలు చూస్తే తెలుస్తుంది. అట్లాంటిక్ దాటి బానిసలుగా వెళ్లినవారి వారసులకు మాత్రం అదే జుట్టు అవమానానికి గురి అయింది. 1786లో లూసియానాలో నల్లజాతి స్వేచ్ఛా స్త్రీలు తలకు గుడ్డ కట్టుకుని జుట్టు దాచుకోవాలని గవర్నరు ఆజ్ఞ జారీ చేశాడు. ఇరవయ్యో శతాబ్దంలో కాల్చిన ఇనుప దువ్వెనలు, క్షార రసాయనాలతో జుట్టును సాపు చేసుకోవడం వారికి దాదాపు తప్పనిసరి అయింది. 1960లలో సహజ జుట్టును గుండ్రంగా పెంచి వదిలే ఆఫ్రో వచ్చింది. 2000 తర్వాత సహజ కేశాల ఉద్యమం ఇంకోసారి ఊపందుకుంది. రసాయనాలు మానేసినవారికి పొట్టిగా, పెళుసుగా ఉన్న కొత్త జుట్టును పెంచుకోవడానికి ఒక దారి కావలసి వచ్చింది. ట్విస్ట్‌లు ఇంటింటా వాడుకలోకి రావడం అప్పుడే.

చట్టమూ వాటి వెనక నడవవలసి వచ్చింది. అమెరికా సైన్యం 2014 మార్చిలో ట్విస్ట్‌లను నిషేధించి, విమర్శలు వెల్లువెత్తాక అదే ఏడాది ఆగస్టులో రెండుపాయల ట్విస్ట్‌లకు అనుమతి ఇచ్చింది. 2019 జులైలో కాలిఫోర్నియా క్రౌన్ చట్టం చేసి, జడలు, లాక్‌లు (శాశ్వతంగా బిగుసుకున్న పాయలు), ట్విస్ట్‌లు ఉన్నాయన్న కారణంతో ఉద్యోగంలోగానీ బడిలోగానీ వివక్ష చూపకూడదని తేల్చింది. తర్వాత ఇరవైకి పైగా రాష్ట్రాలు అదే దారి పట్టాయి. ఆ చట్టంలో వీటికి పెట్టిన పేరే కాపుదల కేశాలంకరణలు. అయితే చట్టం కాపాడేది వేసుకునే హక్కునే. తలమాడును కాపాడుకోవడం వేసేవారి చేతిలో, వేసుకునేవారి ఓర్పులో ఉంది.

ట్విస్ట్‌లలో సొంత జుట్టుతో వేసేవి ఒక తెగ, సవరం కలిపి వేసేవి మరో తెగ. ఈ తేడా కన్నా ముఖ్యమైనది ఇంకొకటి లేదు. సొంత జుట్టు ట్విస్ట్‌లు వారం నుంచి రెండు వారాలు నిలుస్తాయి. చాలా సన్నగా వేసిన మినీ ట్విస్ట్‌లు మూడు నాలుగు వారాలు ఉంటాయి. మాడుకు ఆనించి మడిలా వేసేవి ఫ్లాట్ ట్విస్ట్‌లు. సవరంతో వేసేవాటిలో నున్నటి సింథటిక్ పోగుతో సన్నగా, పొడుగ్గా వచ్చేవి సెనెగలీస్ ట్విస్ట్‌లు. గరుకైన, రింగుల జుట్టును పోలిన పోగుతో వేసేవి మార్లీ ట్విస్ట్‌లు, వాటికన్నా లావుగా వేసేవి హవానా ట్విస్ట్‌లు. ఈ మధ్య వచ్చిన ప్యాషన్ ట్విస్ట్‌లు అలల్లాంటి సవరంతో వదులుగా ఉంటాయి. తల నిండా సెనెగలీస్ ట్విస్ట్‌లు వేయడానికి పూట కాదు, ఒక్కోసారి పగలంతా పడుతుంది.

సవరం అంటే తెలుగువారికి తిరుమల తలనీలాలు గుర్తురావడం సహజం. అమెరికా హాస్యనటుడు క్రిస్ రాక్ 2009లో తీసిన గుడ్ హెయిర్ డాక్యుమెంటరీ అమెరికా నల్లజాతి స్త్రీల తలల మీది జుట్టు దారి పట్టుకుని తిరుమల దాకా వచ్చింది. ఆ జుట్టు ఎక్కువగా విగ్గులకు, కుట్టి అతికే వీవ్‌లకు పోతుంది. ట్విస్ట్‌లకు అది అంతగా పనికిరాదు. నున్నగా, తిన్నగా ఉండటంవల్ల మెలిలో నిలవక జారిపోతుంది. అందుకే ట్విస్ట్‌లలో సింథటిక్ పోగుదే రాజ్యం. జపాన్‌కు చెందిన కనేకా కంపెనీ తయారుచేసే కనేకలాన్ అనే మోడాక్రిలిక్ పోగు వాటిలో బాగా పేరున్నది. కొన్ని సింథటిక్ సవరాల మీద ఉండే పూత కొందరి మాడుకు పడదు. వేసుకున్న ఒకటి రెండు రోజుల్లోనే దురద, దద్దుర్లు మొదలవుతాయి. అలాంటివారు సవరాన్ని ముందుగా వెనిగర్ కలిపిన నీళ్లలో నానబెట్టి, తేలిన తెల్లటి పొరను పారబోసి, కడిగి ఆరబెట్టి వాడుతుంటారు. 2025లో అమెరికాలోని కన్స్యూమర్ రిపోర్ట్స్ సంస్థ పది రకాల సింథటిక్ సవరాలను పరీక్షించి, పదింటిలోనూ కేన్సర్ కారక రసాయనాలు, తొమ్మిదింటిలో సీసం ఉన్నట్టు ప్రకటించింది. నానబెట్టి కడగడంతో దురద తగ్గవచ్చుగానీ, ఇలాంటి వాటికి అది విరుగుడు అనుకోకూడదు.

ఇక అసలు ప్రమాదం. ట్విస్ట్ కొసలను కాపాడుతుంది. ఆ కాపాడే బరువంతా మోసేది కుదుళ్లు. బరువు మోయలేనంత అయితే కొసలు క్షేమంగా ఉంటాయి, కుదుళ్లే పోతాయి. లాగుడువల్ల జుట్టు ఊడే ఈ స్థితిని వైద్యులు ట్రాక్షన్ అలోపీసియా అంటారు. ఇది ఒక్క జాతికి పరిమితమైన జబ్బు కాదు. వైద్య గ్రంథాల్లో దీన్ని మొదట వర్ణించింది 1907లో, అదీ జుట్టు బిగించి ముడి వేసుకునే గ్రీన్‌లాండ్ స్త్రీలలో. తలపాగా కింద జుట్టు బిగించి కట్టుకునే సిక్కు యువకుల్లో కూడా కనిపించింది. కళ్లు పైకి లాగేసేంత బిగువుగా రెండు జడలు వేసి రిబ్బన్లతో మడిచికట్టే మన బడి పద్ధతి కూడా ఇదే కోవలోది.

అయితే బిగువు జడలు, సవరాలు, రసాయనాలు మూడూ కలిసే చోట ఇది ఎంత విస్తరిస్తుందో దక్షిణాఫ్రికాలో తేలింది. కేప్‌టౌన్ విశ్వవిద్యాలయంలో చర్మవైద్యురాలు నొన్‌హ్లాన్హ్లా ఖుమాలో బృందం 2007లో ప్రచురించిన అధ్యయనాల ప్రకారం, ఆరు నుంచి 21 ఏళ్ల బడి అమ్మాయిల్లో 17.1 శాతం మందికి, పెద్ద స్త్రీలలో 31.7 శాతం మందికి ఈ లక్షణాలున్నాయి. అంటే దాదాపు ప్రతి ముగ్గురు స్త్రీలలో ఒకరికి. రసాయనంతో సాపు చేసిన జుట్టుకు పైన మళ్లీ బిగువు జడ లేదా సవరం తోడైతే ప్రమాదం అన్నిటికన్నా ఎక్కువని కూడా ఆ పరిశోధన తేల్చింది. సాపు చేసిన పాత జుట్టు, కింద నుంచి వస్తున్న సహజమైన కొత్త జుట్టు కలిసే చోటు మొదటే బలహీనం. అక్కడ సవరం వేలాడదీస్తే తెగడం తథ్యం.

నష్టం ముందు నుదుటి అంచులో, కణతల దగ్గర, చెవుల మీద మొదలవుతుంది. అక్కడ వెంట్రుకలు సన్నగా ఉంటాయి, జడ వేసేవారు లాగడమూ అక్కడే ఎక్కువ. జుట్టు వెనక్కి తగ్గినా, అసలు అంచు ఉండిన చోట సన్నటి నూగు వెంట్రుకల వరుస మిగిలిపోతుంది. ఆ వరుసను చూసి వైద్యులు ఈ రోగాన్ని గుర్తుపడతారు. అంతకన్నా ముందే వచ్చే హెచ్చరికలు ఇంకా స్పష్టం: జడ వేసిన చోట మాడు గుడారంలా పైకి లేచి ఉండటం, కుదుళ్ల చుట్టూ ఎర్రటి పొక్కులు, కొన్నిసార్లు చీము పొక్కులు, రాత్రి తల దిండు మీద పెట్టలేనంత నొప్పి. అందం కోసం నొప్పి ఓర్చుకోవాలన్న మాట పెద్దలు చెబుతూనే ఉంటారు. ట్విస్ట్‌ల విషయంలో ఆ మాట పూర్తిగా తప్పు. నొప్పి వస్తోందంటే ఆ జడ కుదుళ్లను అప్పుడే లాగేస్తోందని. మాత్ర వేసుకుని నిద్రపోవడం దానికి మందు కాదు. వేసినవారి దగ్గరికి మళ్లీ వెళ్లి, బిగిసిన పాయలను విప్పించుకోవడమే మందు.

అంతదాకా రాకుండా ఉండాలంటే జాగ్రత్త జడకు ముందే మొదలవ్వాలి. తలస్నానం చేసి, కండిషనర్ పట్టించి, తడిగా, జారుగా ఉన్నప్పుడే చిక్కు తీయాలి. వేళ్లతో మొదలుపెట్టి, తర్వాత పళ్లు దూరంగా ఉన్న దువ్వెనతో కొసల నుంచి పైకి రావాలి. కుదుళ్ల నుంచి కిందికి దువ్వితే ఉన్న చిక్కులన్నీ ఒకచోట చేరి, తెగడం మినహా మరో దారి ఉండదు. ఆ పైన కడగనవసరం లేని లీవ్ ఇన్ కండిషనర్, దాని మీద నూనె గానీ షియా వెన్న గానీ రాస్తారు. పశ్చిమ ఆఫ్రికా మైదానాల్లో పెరిగే షియా చెట్టు గింజల నుంచి తీసే ఈ వెన్న తేమను బయటికి పోనివ్వదు. కొబ్బరి నూనెకు ఒక అదనపు గుణం ఉంది. అది వెంట్రుక లోపలికి ఇంకి, కడిగినప్పుడు మాంసకృత్తులు పోవడాన్ని తగ్గిస్తుందని 2003లో ప్రచురితమైన భారతీయ పరిశోధన చూపింది. పొద్దుతిరుగుడు నూనె, మినరల్ ఆయిల్ ఆ పని చేయలేకపోయాయి. కరీబియన్‌లో ప్రసిద్ధమైన జమైకా నల్ల ఆముదం, మన ఆముదం ఒక కుటుంబానివే. గింజలను వేయించి తీస్తారు కాబట్టి రంగు ముదురు. జుట్టు మీద జిగటగా నిలిచి, తేమ పట్టి ఉంచుతుంది. జుట్టు మొలిపిస్తుందన్న ప్రచారానికి మాత్రం గట్టి ఆధారం లేదు.

ఇప్పుడు పాయల లెక్క. సవరం ఎంత బరువైనా పర్వాలేదు, దాన్ని మోసే పాయలో సరిపడా జుట్టు ఉంటే. చిటికెడు జుట్టుకు బారెడు సవరం కట్టడమే అసలు తప్పు. సన్న పాయకు సన్న, పొట్టి సవరం. లావు ట్విస్ట్ కావాలంటే అడుగున ఉండే పాయ కూడా వెడల్పుగా తీయాలి. నుదుటి అంచులో ఉండే నూగు వెంట్రుకలను ట్విస్ట్‌లోకి లాగకుండా వదిలేయడం మేలు. వాటిని జెల్‌తో నున్నగా అంటించుకునే అలవాటు ఉన్నవారు ప్రతిరోజూ బ్రష్‌తో రుద్దకుండా చూసుకోవాలి. కుదురు దగ్గర మెలి వదులుగా మొదలుపెట్టి, కొంత కిందికి వచ్చాక బిగువు పెంచితే ట్విస్ట్ నిలుస్తుంది, మాడు కందదు. ప్రతిసారీ ఒకే చోట పాపిడి తీస్తే ఆ గీత వెంబడి జుట్టు పలచబడుతుంది కాబట్టి, గీతలు మారుస్తూ ఉండాలి. అన్నీ సరిగ్గా చేసి, ఆ పైన ట్విస్ట్‌లన్నిటినీ కలిపి నడినెత్తి మీద పెద్ద ముడి కడితే కష్టమంతా వృథా. ఆ బరువంతా మళ్లీ నుదుటి అంచు మీదే పడుతుంది.

సింథటిక్ కొసలు విడిపోకుండా వాటిని మరిగే నీళ్లలో ముంచడం, మంటతో అంటించడం సెలూన్‌లలో మామూలు. అప్పుడు మెడ మీద, వీపు మీద మందమైన తువ్వాలు ఉండాలి. పిల్లలకైతే ఆ పని చేయకపోవడమే మంచిది. అసలు చిన్నపిల్లలకు సవరం ట్విస్ట్‌లే వద్దు. వాళ్ల కుదుళ్లు లేతవి, నొప్పి ఎక్కడుందో చెప్పలేని వయసు. సొంత జుట్టుతో నాలుగైదు వదులు ట్విస్ట్‌లు చాలు.

ట్విస్ట్‌లు వేసుకున్నంత కాలం తలకు నీళ్లు తగలకూడదని కొందరు నమ్ముతారు. మాడు మాత్రం ఎప్పటిలాగే చెమట పడుతుంది, నూనె ఊరుతుంది, చర్మం పొరలు రాలుతాయి. వారానికి, లేదా రెండు వారాలకు ఒకసారి కడగక తప్పదు. షాంపూను నీళ్లలో పలుచగా కలిపి, ముక్కుండే సీసాలో పోసి పాపిడి గీతల మీద వదిలి, వేళ్ల కొసలతో మెల్లగా నొక్కాలి. పొడుగునా రుద్దితే మెలి లేచిపోతుంది. తర్వాత పిండి, పూర్తిగా ఆరబెట్టాలి. లావు సవరం లోపల నీరు నిలిచిపోతే వాసన పడుతుంది, బూజు కూడా పట్టవచ్చు. రాత్రి తల కట్టుకోవడం కూడా అంతే ముఖ్యం. నూలు దిండుగలీబు నూనెను పీల్చేస్తుంది, వెంట్రుకను రాపిడి పెడుతుంది. శాటిన్ లేదా పట్టు గుడ్డ అలా చేయదు. అమెరికాలోనూ ఆఫ్రికాలోనూ శాటిన్ బానెట్ లేకుండా పడుకోని ఆడవాళ్లు లక్షల్లో ఉన్నారంటే ఊరకనే కాదు.

ఎంతకాలం ఉంచాలన్నది మరీ ముఖ్యం. ఆఫ్రికా సంతతివారి జుట్టు రోజుకు సుమారు పావు మిల్లీమీటరు పెరుగుతుంది. ఆరు వారాల్లో కుదుళ్ల దగ్గర సెంటీమీటరు పొడవున మెలిలేని కొత్త జుట్టు వస్తుంది. సవరం బరువు ఇప్పుడు ఆ వదులు జుట్టు నుంచి వేలాడుతుంది; పక్క పాయలతో ముడిపడి చిక్కు మొదలవుతుంది. అందుకే సవరం ట్విస్ట్‌లకు ఆరు నుంచి ఎనిమిది వారాలు హద్దు. డబ్బు పెట్టాం కదా అని ఇంకో నెల లాగిస్తే ఆ నెలలో పోయే జుట్టు విలువ డబ్బులో లెక్క కట్టలేం. సొంత జుట్టు ట్విస్ట్‌లైతే ఇంకో ప్రమాదం, నెలల తరబడి వదిలేస్తే అవి లాక్‌లుగా బిగుసుకుంటాయి. లాక్‌లు కావాలనుకునేవారు ఈ పద్ధతినే మొదటి మెట్టుగా వాడతారు. వద్దనుకునేవారికి విప్పడం నరకం.

విప్పే రోజు తొందర పనికిరాదు. ముందు సొంత జుట్టు ఎక్కడి దాకా ఉందో తడిమి చూసి, దాని కన్నా బాగా కిందుగా సవరాన్ని కత్తిరించాలి. కొస నుంచి పైకి మెలి విప్పుకుంటూ రావాలి. కుదురు దగ్గర దుమ్ము, నూనె, పీచు కలిసి గట్టిగా పట్టిన చిన్న ఉండ కనిపిస్తుంది. తల కడిగే ముందే దాన్ని నూనెతోనో కండిషనర్‌తోనో మెత్తబరచి, వేళ్లతో విడదీసేయాలి. అది ఉండగానే నీళ్లు పోస్తే ఉన్నదంతా చిక్కుముడి అయిపోతుంది. విప్పినప్పుడు చేతిలోకి వచ్చే జుట్టు కుప్పను చూసి భయపడేవారు చాలామంది. మామూలుగానే మనిషికి రోజూ 50 నుంచి 100 వెంట్రుకలు రాలుతాయి. ఆరు వారాలు బయటికి పోయే దారి లేక లోపలే ఉండిపోయిన అవి రెండు వేల నుంచి నాలుగు వేలకు పైగా అవుతాయి. ఒకేసారి చూస్తే కొంప మునిగినట్టే అనిపిస్తుంది. రాలిన వెంట్రుక కొసన తెల్లటి చిన్న బుడిపె ఉంటే అది సహజంగా రాలినది. బుడిపె లేకుండా పొట్టి ముక్కలుగా వస్తే అది తెగినది. ఆలోచించవలసింది దాని గురించే.

విప్పిన వెంటనే మళ్లీ అలాంటి జడలే వేయించుకోకుండా రెండు వారాలైనా తలను వదిలేయాలి. ఆ సమయంలో కొసలు కొద్దిగా కత్తిరించి, బాగా కడిగి, మాడును అద్దంలో పరీక్షగా చూసుకోవాలి. కణతల దగ్గర పలచబడితే ఇంకెప్పుడూ అక్కడ సవరం పెట్టకూడదు. లాగుడు మానేస్తే, మొదటి దశలో పోయిన జుట్టు కొన్ని నెలల్లో తిరిగి వస్తుంది. మినాక్సిడిల్ పూత, మాడులో స్టిరాయిడ్ ఇంజెక్షన్లు వైద్యులు వాడే మార్గాలు. అదే లాగుడు ఏళ్ల తరబడి సాగితే కుదురు ఉన్న చోట మచ్చకణజాలం పేరుకుని, ఆ చోటు నున్నగా, మెరుస్తూ మిగులుతుంది. ఆ మీదట మందులకు లొంగదు, జుట్టు మార్పిడి శస్త్రచికిత్స ఒక్కటే మిగులుతుంది. కాబట్టి నుదుటి అంచు వెనక్కి పోతున్నట్టు కనిపించగానే చర్మవైద్యుణ్ని కలవాలి. వెళ్లేటప్పుడు ఎప్పటినుంచి ఎలాంటి జడలు వేసుకుంటున్నారో, ఏ రసాయనాలు వాడారో చెప్పాలి. ఆ వివరాలు తెలిస్తే వైద్యుడికి కారణం పట్టుకోవడం తేలికవుతుంది.